'మోవానా' (1926)లో ఒంటిరంగు అంత బాగా ఎలా వచ్చింది?

ప్రశ్న: సమోవాలోని సవాయీ దీవిలో, సఫూనే ఊళ్లో తీసిన మూకీ ఇది. మనుషుల ఒళ్లు నల్లగా మాడినట్టు పడలేదెందుకండీ? అందులో చూపిన నారబట్ట తయారీ నిజమైనదేనా?

జవాబు 1: ఫిల్మ్ వల్లేనండి. ఆర్థోక్రోమాటిక్ ఫిల్మ్ ఎరుపును పట్టుకోదు, గోధుమరంగు చర్మం నల్లగా పడుతుంది. దర్శకుడు రాబర్ట్ ఫ్లాహర్టీ అన్ని రంగులనూ పట్టుకునే పాంక్రోమాటిక్ ఫిల్మ్ వాడాడు. దాన్ని కడిగేటప్పుడు ఎర్రదీపం వెలిగించినా ఫిల్మ్ పాడవుతుంది, చిమ్మచీకటి కావాలి. అక్కడ గుహలో కడిగారు.

జవాబు 2: సియాపో (సమోవా నారబట్ట) పని అసలైనదే. పేపర్ మల్బరీ బెరడు ఒలిచి, లోపలి నార విడదీసి, నీళ్లలో తడిపి ఆల్చిప్పతో గీకుతారు. చెక్కదిమ్మపై పరిచి కొయ్యతో కొడుతుంటే సన్నటి పట్టీ కాస్తా వెడల్పవుతుంది, ఆ దృశ్యం ఎంత చూసినా తనివితీరదు! మధ్యలో ఆరితే చిరుగుతుంది.

జవాబు 3: అయితే అప్పటికే ఊరివాళ్లు మిల్లుగుడ్డలు కట్టేవారు. సియాపో సినిమా కోసం కట్టించినదే.