అప్పు ఆమె పేర, బండి ఆయన పేర: దీన్నేనా సాధికారత అంటున్నది?

పాలమూరోడు:
పోయిన వారం మా ఊరి పొదుపు సంఘాన్ని చూడడానికి పైనుంచి ఎవరో వచ్చారు. అందరూ ఒకే రంగు చీరలు కట్టుకొచ్చారు. మా అమ్మ లీడరు కాబట్టి రిజిస్టరు పట్టుకుని ముందు నిలబడింది. వాళ్ళు ఫొటోలు తీసుకుని, కొబ్బరినీళ్ళు తాగి వెళ్ళిపోయారు. అప్పట్నుంచీ ఒకటే ఆలోచన. 1982లో యునిసెఫ్ సాయంతో డ్వాక్రా వచ్చింది. తర్వాత యూఎన్‌డీపీ (ఐక్యరాజ్యసమితి అభివృద్ధి సంస్థ) వాళ్ళు మా మహబూబ్‌నగర్‌లో, కర్నూలు, అనంతపురంలో సంఘాలు పెట్టించారు. 2000లో ప్రపంచ బ్యాంకు డబ్బుతో ఆరు జిల్లాల్లో వెలుగు అనే పేదరిక నిర్మూలన పథకం మొదలైంది, 2011లో ఇదే పద్ధతిని దేశమంతా తీసుకెళ్ళారు. అన్నిట్లోనూ ఒకటే మాట, ఆడవాళ్ళకి అప్పిస్తే ఆడవాళ్ళు బాగుపడతారని. నేనడిగేది ఒకటే. ఖర్చుపెట్టేది మగవాడు, తీర్చేది ఆడది అయినప్పుడు అది హక్కా, ఇంకో చాకిరీనా?

నెల్లూరక్క:
తమ్ముడూ, నువ్వు సాధికారతని ఫొటోల్లో చూశావు, నేను సారా దుకాణం ముందు చూశాను. 1992లో మా జిల్లా దూబగుంటలో రోశమ్మ వాళ్ళు సారా మీద పోరాటం మొదలుపెట్టినప్పుడు మా ఊళ్ళో కూడా చీపుళ్ళు పట్టుకుని వెళ్ళాం. 1993 అక్టోబర్ 1న సారా ఆగింది. ఆ మిగిలిన డబ్బే రోజుకో రూపాయి పొదుపు. అంతకుముందు బ్యాంకు మేనేజరు నన్ను లోపలికి రానిచ్చేవాడు కాదు, "మీ ఆయన్ని పంపమ్మా" అనేవాడు. పదేళ్ళకి అదే బ్యాంకులో కుర్చీ వేశారు. ఇది నీకు చిన్నగా కనిపిస్తే నేనేం చెప్పను.

గోదారిగట్టు:
మా వదిన లింకేజీ లోనుతో (సంఘానికి బ్యాంకు ఇచ్చే అప్పు) మా అన్న బండి కొన్నాడు. ఆర్సీ మీద అన్న పేరు. కిస్తీ మాత్రం వదిన నాట్లకెళ్ళి కడుతోంది.

కూకట్‌పల్లి కుర్రాడు:
బండి ఎవరి పేరునుంటే ఏంటండీ, ఇంటికే కదా. వదినగారిని ఎక్కించుకుని తిప్పట్లేదా ఏంటి?

గోదారిగట్టు:
తిప్పుతాడు, ఆయనకి ఖాళీ ఉన్నప్పుడు. గ్రామ సంఘం మీటింగ్‌కి నడిచే వెళ్తుంది.

లెక్కలమాస్టారు:
చర్చలోకి వచ్చేముందు తేదీలు సరిచూసుకుంటే మంచిది. సంఘాల అప్పుల మీద పావలా వడ్డీ పథకం 2004. వడ్డీ లేని రుణం 2012. ఈ రెండూ కలిపేసి మాట్లాడుతుంటారు చాలామంది.

పాలమూరోడు:
మాస్టారూ, వడ్డీ గురించి ఇక్కడెవరూ మాట్లాడలేదు.

పాలమూరోడు:
అక్కా, మీ కుర్చీకి దండం. కానీ బంగ్లాదేశ్ చూడండి, ఈ అప్పుల కథకి పుట్టిల్లే అది. పేద ఆడవాళ్ళకి చిన్న అప్పులిచ్చే గ్రామీణ్ బ్యాంకుకి, దాన్ని పెట్టిన యూనస్ గారికి 2006లో నోబెల్ కూడా వచ్చింది. అంతకు పదేళ్ళ ముందే, 1996లో, ఆన్ మేరీ గోట్జ్, రీనా సేన్ గుప్తా అనే పరిశోధకులు అక్కడి ఆడవాళ్ళని అడిగి రాశారు. తీసుకున్న అప్పు మీద చాలావరకైనా తమ మాట చెల్లేది నూటికి 37 మందికే. మిగతా వాళ్ళ డబ్బు కొంతో మొత్తమో మొగుడి చేతికో ఇంట్లో ఇంకో మగాడి చేతికో పోయింది. కట్టకపోతే మాత్రం మీటింగ్‌లో తలొంచుకుని కూర్చునేది ఆమే. ఈ పథకాలకి డబ్బిచ్చే దాతలకి కావలసింది కూడా అదే, ఆడదైతే పరువుకి భయపడి కడుతుంది. మగాడికిస్తే వాణ్ణి వెతకాలి.

నెల్లూరక్క:
బంగ్లాదేశ్ లెక్క మనకి పెట్టొద్దు. మన సంఘం డబ్బు మనది, పొదుపు మనది. నువ్వు చెప్పే గోల ఇక్కడ చేసింది మైక్రోఫైనాన్స్ వాళ్ళు, చిన్న అప్పులిచ్చే ప్రైవేటు కంపెనీలు. వారం వారం ఇంటి ముందు నిలబడి బూతులు తిట్టించారు, అప్పు కట్టలేక ఎంతమంది ప్రాణాలు తీసుకున్నారో అందరికీ తెలుసు. అందుకే 2010లో ఆర్డినెన్స్ తెచ్చి ఇంటికెళ్ళి వసూలు చేయకూడదన్నారు. వాళ్ళ పాపం మా మీద రుద్దకు.

గోదారిగట్టు:
ఇంతకీ బండి ఎవరి పేర ఉండాలో ఎవరూ చెప్పలేదు.

కూకట్‌పల్లి కుర్రాడు:
లైసెన్స్ ఉన్నవాడి పేర.

గోదారిగట్టు:
ఆర్సీకి లైసెన్స్ ఎందుకు బాబూ?

పాలమూరోడు:
సరే అక్కా, చెప్పాలనుకోలేదు గానీ చెప్తాను. ఎన్నికల ముందు మాఫీ అన్నారు, మా ఊళ్ళో సగం మంది కట్టడం ఆపేశారు. మాఫీ రాలేదు, వడ్డీ మాత్రం పెరిగింది. బ్యాంకు వాళ్ళు సంఘం మొత్తం పొదుపుని పట్టి ఉంచారు. ఇద్దరు సభ్యులు బొంబాయి వలసెళ్ళారు, ఫోన్లు ఎత్తలేదు. మా అమ్మ రెండు తులాల గొలుసు కుదువ పెట్టి వాళ్ళ వంతు కట్టింది. గొలుసు ఇప్పటికీ రాలేదు. పైగా ఆ ఇద్దరి అత్తలు మా అమ్మతో మాట్లాడరు, ఇంటికొచ్చి అడిగి పరువు తీసిందట. ఒక్క రూపాయి జీతం లేకుండా బ్యాంకుకి వసూళ్ళ మనిషిని చేశారు ఆమెని. దీనికి ప్రపంచ బ్యాంకు పెట్టిన పేరు సాధికారత.

నెల్లూరక్క:
వసూళ్ళ మనిషి అని మీ అమ్మని నువ్వే అంటున్నావు, నేననలేదు. పదిమంది ఒకరికొకరు జామీనుంటేనే కదా పొలం పట్టా లేని మనిషికి బ్యాంకు అప్పిచ్చింది. ఆ జామీను తీసేయ్, మళ్ళీ షావుకారు గడపే. నీకు ఉద్యోగం ఉంది కాబట్టి న్యాయం గురించి మాట్లాడుతున్నావు.

పాలమూరోడు:
నా ఉద్యోగం సంగతి మీకెందుకు? నా ఫీజు కూడా ఆ సంఘం అప్పుతోనే కట్టారు, అది మర్చిపోలేదు. నేననేది అదే, నా చదువుకి అప్పు అమ్మ పేర, మూడెకరాల పొలం నాన్న పేర. మీరే అన్నారు పట్టా లేని మనిషి అని. ఆ పట్టా ఎందుకు లేదు? కూతుళ్ళకి ఆస్తిలో వాటా అని మన ఉమ్మడి రాష్ట్రంలో 1986లోనే చట్టం చేశారు, దేశమంతటా 2005లో వచ్చింది. నలభై ఏళ్ళుగా ఆడవాళ్ళని మీటింగ్‌లో కూర్చోబెట్టి పొదుపు చెప్పారు గానీ, వాటా అడగమని ఎవరైనా చెప్పారా?

లెక్కలమాస్టారు:
వెలుగులో భూమి కొనుగోలు పథకం ఉండేది. ఆడవాళ్ళ పేరునే రిజిస్టర్ చేశారు.

పాలమూరోడు:
ఎంతమందికి మాస్టారూ? మా మండలంలో నాకు ఒక్కరు కూడా తెలియదు.

నెల్లూరక్క:
రాత్రి కోపంలో రాశాను. ఉద్యోగం మాట అనకుండా ఉండాల్సింది.

ఒకటి చెప్తాను, ఇక్కడ నన్నెవరూ గుర్తుపట్టరు కాబట్టి. 2003లో కాబోలు, ఒకామె మూడు కిస్తీలు కట్టలేదు. మేం ఎనిమిది మందిమి పొద్దున్నే వెళ్ళి ఆమె గుమ్మం ముందు కూర్చున్నాం. ఆమె పొయ్యి వెలిగించలేదు ఆ రోజు. మధ్యాహ్నానికి ఇత్తడి బిందె తెచ్చి నా చేతిలో పెట్టింది. వాళ్ళాయన లోపల మంచం మీదే ఉన్నాడు, డబ్బు తిన్నది అతనే, మేం అతన్ని ఒక్క మాట అడగలేదు. అడగాలని కూడా తట్టలేదు. ఆ బిందె తర్వాత ఏమైందో నాకు గుర్తులేదు.

వాటా సంగతంటావా, నేను కూడా మా అన్నల్ని అడగలేదు. అడిగితే పండక్కి పుట్టింటికి పిలుపు ఉండదు. అది ఏ మీటింగ్‌లోనూ చెప్పలేదు, నిజమే. సంఘం వద్దంటే మాత్రం ఇప్పటికీ ఒప్పుకోను.

పాలమూరోడు:
సంఘం వద్దని నేనూ అనలేదక్కా. సరే, ఒక సాయం చేయండి, అమ్మని లీడరుగా తప్పించాలంటే పద్ధతేంటి?

నెల్లూరక్క:
సంఘం మీటింగ్‌లో తీర్మానం రాయాలి, సభ్యులందరూ సంతకం పెట్టాలి, కొత్త లీడరు పేరు, ఫొటోలతో బ్యాంకుకి ఇవ్వాలి. పాత అప్పు బాకీ ఉంటే బ్యాంకు వాళ్ళు తిప్పుతారు, ముందే చెప్తున్నా. యానిమేటర్‌ని, అదే సంఘాల లెక్కలు రాసే ఆమెని, వెంట తీసుకెళ్ళమను.

పాలమూరోడు:
ఇప్పుడే ఫోన్ చేశాను. "నన్ను తీసేయడానికి నువ్వెవడివిరా" అని పెట్టేసింది.

గోదారిగట్టు:
మా వదినని అడిగాను. బండి తన పేర మార్పించుకోవాలంటే ఆర్టీవో ఆఫీసుకి ఎవరు తీసుకెళ్తారంది.