కాఫీ పొడి ఫ్రిజ్‌లోనా, బయట డబ్బాలోనా? మా ఇంట్లో తెగట్లేదు

బెజవాడ_కోడలు:
నమస్తే అండి అందరికీ. మేం నెలకోసారి వన్‌టౌన్ వెళ్ళి ముప్పావుకిలో పొడి పట్టించుకొస్తాం, పీబెర్రీ, ప్లాంటేషన్ ఎ అని రెండు రకాల గింజలు కలిపి, చికోరి (కాఫీలో కలిపే ఒక వేరు పొడి) 20 శాతం. తెచ్చిన రోజు సంచీ విప్పకముందే ఇల్లంతా వాసన. ఓ పది రోజులు పోయాక డికాషన్ రంగు బానే ఉంటది గానీ ఆ ఘుమఘుమ ఉండదు. మా అత్తగారేమో పొడి ఫ్రిజ్ డోర్‌లో పెట్టాల్సిందే అంటారు, నేనేమో మూత బిగుతుగా ఉన్న స్టీలు డబ్బా చాలంటాను, ఎందుకంటే ఫ్రిజ్‌లో పులిసిన దోసెల పిండి, నిన్నటి పులుసు, తరిగిన ఉల్లిపాయలు అన్నీ ఉంటాయి, ఆ వాసన కాఫీకి పట్టదా? మీరేం చేస్తారో, ఎందుకు చేస్తారో కూడా చెప్పండి. ఊరికే "మేమిలా చేస్తాం" అంటే ఆవిడ ఒప్పుకోరు.

గుంటూరు_ఎండ:
మీ అత్తగారే రైటండి. మే నెలలో మన వంటిళ్ళ సంగతి తెలిసిందే, పొయ్యి వెలిగించామంటే 40 డిగ్రీలు దాటుద్ది. ఆ వేడికి కాఫీలో ఉండే నూనె తొందరగా పాడవుద్ది. ఇలాంటి రియాక్షన్లు పది డిగ్రీలు తగ్గితే దాదాపు సగం స్పీడుకి పడిపోతాయని ఇంటర్ కెమిస్ట్రీలోనే చెప్పారు. వాసన పట్టకుండా గాజు సీసాలో పోసి మూత టైట్‌గా పెట్టండి, అయిపోద్ది.

విశాఖ_తేమ:
కెమిస్ట్రీ సరే, తేమ సంగతేంటి సార్? పొద్దున్నే సీసా బయటికి తీస్తాం, ఫిల్టర్‌లో నాలుగు స్పూన్లు వేస్తాం, ఈలోగా పాలు పొంగుతాయి అటు పరిగెడతాం, సీసా మూత తీసే ఉంటది. ఫ్రిజ్‌లోంచి తీసిన నీళ్ళ బాటిల్‌కి చెమట పట్టినట్టే ఆ చల్లటి పొడికీ పడుద్ది, కాకపోతే కంటికి కనపడదు. రోజుకి రెండుసార్లు ఇదే తంతు. పైగా చికోరి, అది తేమని ఇట్టే లాగేసుకుంటది. మా ఇంట్లో ఇన్‌స్టంట్ కాఫీ సీసా వానాకాలం వచ్చిందంటే రాయైపోద్ది, స్పూను వెనక వైపుతో పొడిచి తీయాలి. రోజూ తీసి పెట్టే డబ్బాకి ఫ్రిజ్ వద్దే వద్దు.

గల్లీ_చాయ్:
గింత లొల్లి ఎందుకక్కా? పావుకిలో తెచ్చుకో, ఒడవంగనే మళ్ళ తెచ్చుకో. ముప్పావుకిలో ఒక్కసారే ఎవరు తెమ్మన్నరు? చాయ్ తాగెటోళ్ళకు ఈ పరేషానే లేదు.

బెజవాడ_కోడలు:
రెండు బస్సులు మారి వెళ్ళాలి తమ్ముడూ, నువ్వు తెచ్చిపెడతానంటే పావుకిలోనే తాగుతాం.

అరకు_రోస్టర్:
నేను చిన్న రోస్టింగ్ యూనిట్ నడుపుతాను కాబట్టి కాస్త పొడుగ్గా చెప్తా, తిట్టుకోకండి.

గింజ వేపినప్పుడు లోపల కార్బన్ డయాక్సైడ్ పుడుతుంది, అది రోజుల తరబడి మెల్లగా బయటికొస్తా ఉంటది. మంచి ప్యాకెట్ల మీద చిన్న గుండ్రటి వాల్వ్ ఉండేది అందుకే, లోపలి గ్యాస్ పోవాలి, బయటి గాలి రాకూడదు. గింజ గింజగా ఉన్నన్నాళ్ళూ వాసన చాలావరకు లోపలే ఉంటది. పొడి చేశామా, ఆ గ్యాస్‌లో ఎక్కువ భాగం నిమిషాల్లో, గంటల్లో వెళ్ళిపోద్ది, వాసనిచ్చే పదార్థాలూ దాంతోపాటే పోతాయి. మీ సంచీలోంచి ఇల్లంతా వచ్చిన వాసన ఉంది చూశారూ, అది మీ గ్లాసులోకి రావాల్సిన వాసనే. ఆపైన మిగిలినదాన్ని ఆక్సిజన్ తింటది, నూనె ముక్కిపోయిన వాసన మొదలవుద్ది.

అందుకని స్టీలా గాజా అని కొట్టుకునే ముందు గింజ కొంటున్నామా పొడి కొంటున్నామా చూడండి. గింజలు మూత సరిగ్గా ఉంటే మూడు నాలుగు వారాలు బాగుంటాయి, పొడి వారం పది రోజులకే దిగిపోద్ది, మీరు చెప్పిందీ అదే కదా. ఇంకోటి, డబ్బా ఎంత బిగుతైనా సగం ఖాళీ అయ్యాక మిగతా సగం గాలే. పెద్ద డబ్బాలో అడుగున రెండు పిడికిళ్ళ పొడి పెట్టి మూత గట్టిగా బిగిస్తే ఏం లాభం? పొడి తగ్గే కొద్దీ చిన్న డబ్బాలోకి మార్చుకోండి. ఎండ తగిలే గాజు సీసా కంటే స్టీలే నయం.

ఫ్రిజ్ మాత్రం నేనూ వద్దనే అంటాను. ఫ్రీజర్ అయితే వేరే కథ.

చెప్పాల్సింది ఇంకోటుంది, అరకు అరబికా కాఫీకి 2019లో జీఐ ట్యాగ్, అంటే ఫలానా ప్రాంతం సరుకని ఇచ్చే గుర్తింపు, వచ్చింది, ఆ పేరు చూసి వందలు పోసి ప్యాకెట్ కొంటారు, వేపిన తేదీ ఎక్కడుందో మాత్రం చూడరు. మూడు నెలల క్రితం వేపినదాన్ని తెచ్చుకుని ఎక్కడ దాచినా ఒకటే.

మలబార్_ప్రేమికుడు:
తేమ తేమ అని ఊరికే భయపెడుతున్నారు. మాన్‌సూన్డ్ మలబార్ అని ఒక కాఫీయే ఉంది కదా, వానగాలి కావాలనే తగిలించి అమ్ముతారు, బయటి దేశాలవాళ్ళు ఇష్టంగా కొంటారు. దానికేమంటారు?

అరకు_రోస్టర్:
అది పచ్చిగింజ బ్రదర్. పశ్చిమ తీరంలో గోడౌన్లలో పరిచి వానాకాలం గాలి తగలనిస్తారు, గింజ ఉబ్బి లేత పసుపు రంగుకొస్తది, పులుపు తగ్గుద్ది, వేపడం ఆ తర్వాతే. వేపి పొడి చేసినదానికి అదే తేమ తగిలిస్తే మలబార్ అవదు, ముక్కిన వాసనొచ్చే పొడి అవుద్ది.

పాతకాలం_మనిషి:
మా నాయనమ్మ ఇంట్లో అసలు పొడి నిలవ చేయడమే లేదు. పచ్చిగింజలు డబ్బాలో ఉండేవి, అవి నెలల తరబడి చెడవు. వారానికి సరిపడా ఇనప మూకుట్లో వేపి, బల్లకి బిగించిన చేతి మిషన్‌లో ఏ పూటకా పూట తిప్పేవాళ్ళం, తిప్పే పని పిల్లలది. ఇప్పుడు వేపే ఓపిక ఎవరికీ లేదు ఒప్పుకుంటా, కానీ వేపిన గింజలు కొనుక్కొచ్చి మిక్సీలో కొట్టుకోడానికి ఏమైందమ్మా?

విశాఖ_తేమ:
మిక్సీలో సగం పిండి సగం రవ్వ వస్తది పెద్దాయనా, ఫిల్టర్‌లో పిండి అడ్డుపడి డికాషన్ దిగదు. మళ్ళీ చికోరి విడిగా కొనాలి.

అరకు_రోస్టర్:
ఒక్కసారే గిర్రున తిప్పకుండా ఆపి ఆపి కొట్టండి, మధ్యలో జార్ ఒకసారి కుదపండి, ఫిల్టర్‌కి సరిపోయే పొడి వస్తది. ఫ్రీజర్‌లోంచి తీసిన గింజలైనా పర్లేదు. 2016లో సైంటిఫిక్ రిపోర్ట్స్ అనే సైన్సు పత్రికలో ఒక పేపర్ వచ్చింది, బాగా చల్లబరిచిన గింజలు పడితే పొడి ఇంకా సన్నగా, ఇంచుమించు ఒకే సైజులో వచ్చిందని చూపించారు. వాళ్ళది మంచి గ్రైండర్ లెండి, మన మిక్సీ కాదు.

జెర్సీ_ఫిల్టర్:
అక్కా, నేను న్యూజెర్సీలో ఉంటా. ఇండియా నుంచి ఎవరొచ్చినా సూట్‌కేసులో రెండు కిలోల పొడి పెట్టించుకుంటాం, అది నెలల తరబడి రావాలి, కాబట్టి మాకు ఫ్రీజర్ తప్ప దిక్కులేదు. ఎలాగంటే, వచ్చిన రోజే వారానికి సరిపోయేంత చొప్పున చిన్న కవర్లలో పోసి, చేత్తో నొక్కి గాలి తీసేసి సీల్ చేసి, అన్నీ కలిపి ఇంకో జిప్ కవర్లో పెట్టి లోపల పడేస్తాం. వారానికి ఒక కవర్ రాత్రే తీసి బయట పెడతాం, పొద్దున్నకి రూమ్ టెంపరేచర్‌కి వచ్చాకే కత్తిరిస్తాం. కత్తిరించాక మళ్ళీ ఫ్రీజర్‌లోకి పోనివ్వం, అది మాత్రం స్ట్రిక్ట్. ఆఖరి కవర్ మొదటి కవరంత బాగుంటదా అంటే ఉండదు, కానీ ఇక్కడ షాపుల్లో ఎప్పుడు ప్యాక్ చేశారో తెలియని పొడి కంటే చాలా నయం. విశాఖ వాళ్ళు చెప్పిన చెమట గోల రోజూ మూత తీసే డబ్బాకే గానీ సీల్ విప్పని కవర్‌కి కాదు.

రెండు_స్పూన్ల_చక్కెర:
అందరూ పెద్ద మనుషుల్లాగున్నారు, ఒక్కటడుగుతా. ముప్పావు గ్లాసు చిక్కటి పాలు, రెండు స్పూన్ల చక్కెర, మరగ కాచిన డికాషన్. ఇందులో పదో రోజు పొడా ఇరవయ్యో రోజు పొడా ఎవరు చెప్పగలరు? సగం చికోరి ఉన్న ప్యాకెట్‌కి ఫ్రీజరు, సీలింగు, వాల్వు. అవసరమా?

గుంటూరు_ఎండ:
సగం ఉండదు లెండి, కలిపిన పొడిలో కాఫీ కనీసం 51 శాతం ఉండాలని రూలే ఉంది, చికోరి ఎంతో ప్యాకెట్ మీద రాయాలి కూడా. కానీ మీ పాయింట్‌లో కొంత నిజముంది, చికోరి ఎక్కువున్న పొడిలో రంగు, చేదు, చిక్కదనం దానివే, అవి అంత త్వరగా పోవు, కాబట్టి పాతబడినా తేడా అంతగా తెలీదు. పీబెర్రీకి డబ్బులు పోసినవాళ్ళకే ఈ బాధంతా. ఇక డికాషన్ మరగ కాచడమంటారా, అలా చేస్తే నిన్న వేపిన గింజైనా ఒకటే అండి, ముందు అది మానండి.

గల్లీ_చాయ్:
చూసిన్రా, మళ్ళ చాయ్ దిక్కే వస్తున్నరు అందరు.

బెజవాడ_కోడలు:
ఇదంతా మా అత్తగారికి చదివి వినిపించా. ఫ్రిజ్ డోర్ వద్దన్నదానికి ఏమీ మాట్లాడలేదు, చెమట సంగతి విన్నాక సీసా తీసి పొడి చేత్తో నలిపి చూసి మళ్ళీ పెట్టేశారు. గింజలు కొందామంటే మాత్రం "పొద్దున్నే ఐదింటికి మిక్సీ వేస్తే పక్క ఫ్లాట్ వాళ్ళు ఊరుకుంటారా" అన్నారు, అదీ నిజమే. సో వచ్చే నెల నుంచి పొడే, జెర్సీ తమ్ముడు చెప్పినట్టు వారం వారం కవర్లు. ఒక్కటే చిక్కు, మా ఫ్రీజర్‌లో ఆదివారం తెచ్చిన చేపలుంటాయి. కవర్లోంచి వాసన దూరుద్దా?

జెర్సీ_ఫిల్టర్:
పల్చటి పాలిథిన్ అయితే దూరుద్ది అక్కా. లోపల రేకులా మెరిసే ఫాయిల్ కవర్లు దొరుకుతాయి, వాటిలో పోసి, అన్నీ కలిపి మూతున్న స్టీలు డబ్బాలో పెట్టి అప్పుడు ఫ్రీజర్‌లో పెట్టండి. చేపలు కింద అరలో, డబ్బా పైన.

విశాఖ_తేమ:
చివరికి స్టీలు డబ్బా, ఫ్రిజ్ రెండూ గెలిచాయన్నమాట, మీ ఇంట్లో ఇవాళ గొడవుండదు.

బెజవాడ_కోడలు:
ఉంది. ఆ డబ్బాలో పోపు దినుసులున్నాయట, ఖాళీ చేయనంటున్నారు.