మాడిఫయర్‌ని విశేషణం అనొచ్చా? 79కి "సంబంధం లేని" సరిపోతుందా?

నోట్సు రాస్తున్నవారు:
అందరికీ నమస్కారం. హైదరాబాద్‌లో అమెరికా మెడికల్ బిల్లింగ్ పని చేస్తాను. కొత్తగా చేరేవాళ్ల కోసం సీపీటీ (అమెరికాలో వైద్యసేవల కోడ్‌ల పద్ధతి) మాడిఫయర్ల మీద తెలుగులో నోట్సు రాస్తున్నా. బీఫార్మసీ, బయోటెక్నాలజీ చేసి వచ్చిన పిల్లలు, ఇంగ్లీషు నిర్వచనం బట్టీ పడతారు గానీ పేషెంటు చార్ట్ ముందు పెడితే ఏది వేయాలో తేల్చుకోలేరు. తెలియనివాళ్ల కోసం: చేసిన వైద్యానికి ఐదంకెల కోడ్ ఉంటుంది, దాని చివర తగిలించే రెండక్షరాల గుర్తే మాడిఫయర్. దీనికి "విశేషణం" అని రాశాను. 79 అనే మాడిఫయర్ దగ్గర "సంబంధం లేని ప్రొసీజర్" అని రాశాను. అది చదివి ఒకమ్మాయి, కుడికంటికి శుక్లం తీసిన రెండు వారాలకి ఎడమకంటికి తీస్తే 79 వేయమంటున్నారు, అదే డాక్టరు, అదే జబ్బు, శుక్లం ఆపరేషన్‌కి అదే 66984 కోడ్, సంబంధం లేకపోవడమేంటి సార్ అని అడిగింది. ఎందుకు 79 వేస్తామో నాకు తెలుసు, ఆ కారణం ఈ తెలుగు మాటలోంచి రావట్లేదు, అదీ ఇబ్బంది.

వ్యాకరణం మాస్టారు:
విశేషణం వద్దండీ. "ఎర్ర చీర"లో ఎర్ర తీసేస్తే రంగు తెలియదంతే, చీర చీరగానే ఉంటుంది. మీరు చెప్పేది విభక్తి చేసే పనిలా ఉంది. రాముడిని పిలిచాడు, రాముడికోసం పిలిచాడు, రాముడిచేత పిలిపించాడు: పేరు అదే, చివర తగిలినదాన్ని బట్టి ఎవరికి ఎవరితో ఏం పని అన్నది మారిపోతోంది. ఇంకో మాట, ఒకే కోడ్‌కి రెండు మాడిఫయర్లు వస్తే వరస ముఖ్యమా? తెలుగులో "ఇళ్లలోకి" అంటాం, "ఇళ్లకిలో" అనం కదా, అందుకని అడుగుతున్నా.

నోట్సు రాస్తున్నవారు:
ముఖ్యమే మాస్టారూ. బిల్లు పంపే సీఎమ్‌ఎస్ 1500 ఫారంలో ఒక్కో లైనుకి నాలుగు మాడిఫయర్ల చోటుంది. చెల్లింపుని మార్చేవి ముందు, సమాచారం మాత్రమే చెప్పేవి తర్వాత. ఆ ఎడమకంటికి 66984, పక్కన 79, ఆ తర్వాత ఎల్‌టీ. ఎల్‌టీ అంటే ఎడమ, ఆర్‌టీ అంటే కుడి. "విభక్తి" నాకు బాగా నచ్చింది, విశేషణం కొట్టేస్తున్నా.

డినయల్స్ డెస్క్:
తిప్పి కొట్టిన బిల్లులు చూసేది నేనే. ఆ అమ్మాయి ప్రశ్న న్యాయమైనదే. "సంబంధం" అనగానే మనకి మనుషుల మధ్య, జబ్బుల మధ్య సంబంధం గుర్తొస్తుంది. మెడికేర్ (అమెరికా ప్రభుత్వ ఆరోగ్య బీమా) అడిగేది వేరు. శుక్లం ఆపరేషన్ ఫీజులోనే తర్వాతి 90 రోజుల చూపు కూడా కలిసి ఉంటుంది, దాన్నే గ్లోబల్ పీరియడ్ అంటాం. ఆ 90 రోజుల్లో అదే డాక్టరు పేరు మీద ఏ ఆపరేషన్ వచ్చినా, ఇది పాతదాని వల్ల వచ్చిందా, పాతదాని తరువాయా, రెండూ కాదా అన్నదే ప్రశ్న. మాస్టారి విభక్తి మాట పట్టుకుంటే నోట్సు తేలికైపోతుంది చూడండి. 78 అంటే "వల్ల": మొదటి ఆపరేషన్ వల్ల రక్తస్రావమో ఇంకేదో వచ్చి, అనుకోకుండా మళ్లీ ఆపరేషన్ థియేటర్‌కి తీసుకెళ్లారు. 58 అంటే "తరువాయి": ముందే దశలుగా అనుకున్నది, లేదా మొదటిదాని కన్నా పెద్దది చేయాల్సి వచ్చినది, రొమ్ములో గడ్డ మాత్రమే తీశాక అంచుల్లో ఇంకా క్యాన్సర్ కనిపించి మొత్తం తీయడం లాంటిది. 79 అంటే "వల్లా కాదు, తరువాయీ కాదు". రెండో కన్ను మొదటి రోజే అనుకున్నా సరే, కుడికన్ను ఆపరేషన్ ఆ రోజే పూర్తయింది, ఎడమకన్ను దానికి రెండో దశ కాదు. అందుకే 79.

డబ్బు లెక్క కూడా పక్కనే రాయండి, లేకపోతే పిల్లలకి ఇదంతా మాటల గారడీలా ఉంటుంది. 58కి, 79కి పూర్తి చెల్లింపు, కొత్త గ్లోబల్ మొదలు. 78కి మెడికేర్ ఆపరేషన్ చేసిన భాగానికే ఇస్తుంది, కొత్త గ్లోబల్ ఉండదు. ఏదీ వేయకుండా పంపితే పాత ఫీజులోనే కలిసిపోయిందని తిప్పి కొడతారు.

వ్యాకరణం మాస్టారు:
మరి "సంబంధం లేని" తీసేసి "ముందు ఆపరేషన్ వల్ల పుట్టనిది, దాని తరువాయి కానిది" అని రాస్తే? పొడుగే గానీ తప్పుదోవ పట్టించదు.

డినయల్స్ డెస్క్:
అదే రాయండి. నన్నడిగితే ఇంతకన్నా ఎక్కువ నష్టం చేసేది "వేరే" అన్న మాట. 59కి అందరూ "వేరే ప్రొసీజర్" అని చెప్తారు, పిల్లలు రెండు కోడ్‌లు కనిపించగానే తగిలించేస్తారు. వేరే అంటే వేరే ఏంటి? దాని తర్వాత ఒక నామవాచకం రావాలి. 2015లో సీఎమ్‌ఎస్ (మెడికేర్‌ని నడిపే సంస్థ) నాలుగు ఎక్స్ మాడిఫయర్లు తెచ్చింది సరిగ్గా ఆ నామవాచకం కోసమే: ఎక్స్‌ఈ అంటే వేరే విజిట్, ఎక్స్‌ఎస్ వేరే అవయవం లేదా చోటు, ఎక్స్‌పీ వేరే డాక్టరు, ఎక్స్‌యూ మామూలుగా ఒకదానిలో ఒకటి కలవని పని. చేతి మీద మచ్చ కాల్చి (17000), వీపు మీద మచ్చకి బయాప్సీ (11102) తీస్తే ఎక్స్‌ఎస్ చెల్లుతుంది, రెండూ ఒకే మచ్చ మీద అయితే ఏ మాడిఫయరూ కాపాడదు. ఏ కోడ్‌లు కలిపి బిల్లు చేయకూడదో చెప్పే ఎన్‌సీసీఐ పట్టికలో ఒక జంటకి సూచిక 0 (మాడిఫయర్ ఒప్పుకోం అని) ఉన్నా అంతే, తగిలించి లాభం లేదు.

నోట్సు రాస్తున్నవారు:
25 కూడా చూడండి. "గణనీయమైన, విడిగా గుర్తించదగిన" అని రాశాను, నాకే అర్థం కావట్లేదు :)

డినయల్స్ డెస్క్:
ఆ ముక్క చెరిపేసి ఒక పరీక్ష రాయండి. ఫ్యామిలీ డాక్టరు మోకాలికి ఇంజెక్షన్ వేశారు (20610), అదే రోజు 99213 (డాక్టరు విజిట్ కోడ్) కూడా బిల్లు చేశారు. డాక్టరు రాసిన నోట్‌లో ఇంజెక్షన్ గురించి ఉన్నదంతా పెన్నుతో కొట్టేయమనండి. షుగర్ చూసి మందు మార్చిన సంగతి మిగిలితే విజిట్ నిలబడుతుంది, 25 వేయొచ్చు. మోకాలు పరీక్షించి ఇంజెక్షన్ వేయాలని నిర్ణయించడం తప్ప ఏమీ మిగలకపోతే వేయకూడదు, ఆ నిర్ణయం ఇంజెక్షన్ ఫీజులోనే ఉంది. ఇంకొకటి, 25 తగిలేది 99213కి, 20610కి కాదు. రోజూ ఇది చెప్పి చెప్పి నోరు నొప్పి పుడుతోంది.

నోట్సు రాస్తున్నవారు:
చివరిగా ఒక్కటి. 52కి "తగ్గించినది", 53కి "ఆపేసినది" అని పెట్టాను. ఓకేనా?

వ్యాకరణం మాస్టారు:
రెండోదానిలో ఎందుకు ఆపుతారు?

డినయల్స్ డెస్క్:
మొదలుపెట్టాక పేషెంటుకి ప్రమాదం అనిపించి ఆపుతారు సార్, బీపీ పడిపోవడం లాంటివి. 52లో డాక్టరే తన ఇష్టంతో కొంత భాగం చేయకుండా వదిలేస్తారు.

వ్యాకరణం మాస్టారు:
అయితే 53కి "ఆపాల్సి వచ్చింది" అని పెట్టండి. "ఆపేశారు" అంటే వాళ్లిష్టం అయిపోతుంది, అప్పుడు పిల్లలు దాన్నీ 52 అనుకుంటారు.