జట్లాండ్: ఆ మూడు ఓడలు పేలింది పలచటి కవచం వల్లా, తెరిచి ఉంచిన తలుపుల వల్లా?

సాగర్_కాకినాడ:
1916 మే 31న డెన్మార్క్ దగ్గరి సముద్రంలో బ్రిటన్, జర్మనీ నౌకాదళాల మధ్య జరిగిన జట్లాండ్ యుద్ధంలో బ్రిటన్ బ్యాటిల్‌క్రూజర్లు (పెద్ద ఫిరంగులున్న వేగమైన యుద్ధనౌకలు) మూడు పేలిపోయాయి: ఇండిఫాటిగబుల్, క్వీన్ మేరీ, ఇన్విన్సిబుల్. మూడు వేల మందికి పైగా చనిపోయారు. వేగం కోసం ఓడ కవచం తగ్గించి, అలాంటి ఓడ మీద పెద్ద ఫిరంగులు పెట్టించిన అడ్మిరల్ ఫిషర్ ఆలోచనే కారణమని ఇన్నాళ్లూ చదివాను. ఈమధ్య మందుగుండు గదుల తలుపులు తెరిచి ఉంచడమే అసలు కారణమంటున్నారు. మీరేమంటారు?

రాఘవ_డిజైన్:
ఇందులో చర్చించడానికేముంది? ఇన్విన్సిబుల్ పక్క కవచం 6 అంగుళాలు, టరెట్ (ఫిరంగులుండే తిరిగే గది) కవచం 7 అంగుళాలు. దాని మీద కాల్పులు జరిపిన జర్మన్ ఓడ డెర్ఫ్లింగర్‌కి పక్క కవచం 12 అంగుళాలు. సాయంత్రం ఆరున్నర దాటాక మధ్య టరెట్‌కి 12 అంగుళాల గుండు తగిలింది, ఓడ రెండు ముక్కలైంది. వెయ్యిమందికి పైగా ఉన్న ఓడలో ఆరుగురు బతికారు. బలమైన ఫిరంగిని బలహీనమైన పెట్టెలో పెడితే జరిగేది ఇదే.

పాత_గన్నర్:
రాఘవ గారూ, అంగుళాలు ఒక్కటే చూస్తే సరిపోదు. 1915 జనవరి 24, డాగర్ బ్యాంక్ పోరు గుర్తు చేసుకోండి. బ్రిటిష్ ఓడ లయన్ కొట్టిన 13.5 అంగుళాల గుండు జర్మన్ సైడ్లిట్జ్ వెనక టరెట్ కింద ఉండే గుండ్రటి ఉక్కు గోడకి తగిలింది. అది 9 అంగుళాల గోడ, అయినా ఆగలేదు. లోపలి మందు అంటుకుంది. పక్క టరెట్‌లోకి తప్పించుకుందామని తలుపు తీసేసరికి మంట అటూ పాకింది. రెండు టరెట్లలోనూ ఉన్నవాళ్లు, నూట యాభై మందికి పైగా, కాలిపోయారు. అయినా ఓడ పేలలేదు. మందుగుండు గదుల్లోకి నీళ్లు వదిలారు, ఓడ ఇంటికి చేరింది.

గుండుని ఫిరంగిలోంచి తోసే మందులో ప్రధాన భాగం జర్మన్ల దగ్గర ఇత్తడి కేసులో ఉండేది. బ్రిటిష్ వాళ్ల మందు, అంటే కార్డైట్, పట్టు సంచుల్లో, చివర నల్లమందుతో ఉండేది. పైగా త్వరగా కాల్చాలని సంచుల్ని ముందే బయటికి తీసి, మూతలు విప్పి, టరెట్ కింద పేర్చి, మందుగుండు గది తలుపులు బార్లా తెరిచి ఉంచారు. నేను నేవీలో ఫిరంగుల దగ్గరే పనిచేసి రిటైరయ్యాను. గుండు దగ్గర కన్నా మందు దగ్గరే మాకు భయం ఎక్కువ.

చిన్నా_వైజాగ్:
సైడ్లిట్జ్ సంగతి నాకు తెలీదు. ఇంకా రాయండి సార్.

రాఘవ_డిజైన్:
గోడని గుండు ఛేదించింది అంటే కవచం చాల్లేదనే కదా! మీరు నా వాదనే చెప్తున్నారు. ఒక్క ప్రశ్నకి జవాబివ్వండి. 7 అంగుళాల కవచం 12 అంగుళాల గుండుని ఆపుతుందా, ఆపదా?

పాత_గన్నర్:
ఆపదు. ఆపుతుందని నేనెక్కడా అనలేదు. టరెట్ పోవడం వేరు, ఓడ పోవడం వేరు. అదే జట్లాండ్‌లో లయన్ మధ్య టరెట్‌కీ గుండు తగిలింది, పైకప్పు లేచిపోయింది. అక్కడి అధికారి మేజర్ హార్వే తను చావబోతూ మందుగుండు గదిలోకి నీళ్లు వదలమని ఆజ్ఞ ఇచ్చాడు. తర్వాత టరెట్ కింద ఉన్న కార్డైట్ అంటుకుని అక్కడున్నవాళ్లందరూ పోయారు గానీ, తలుపులు మూసి ఉండటంతో ఓడ బతికింది. హార్వేకి మరణానంతరం విక్టోరియా క్రాస్ ఇచ్చారు.

అనూరాధ_కెమిస్ట్రీ:
మీరిద్దరూ కార్డైట్ గురించి తక్కువ మాట్లాడుతున్నారు. అందులో నైట్రోగ్లిజరిన్ ఉంటుంది, నిల్వలో పాడైతే తనంతట తనే వేడెక్కుతుంది. బుల్వార్క్ 1914 నవంబరులో, నేటల్ 1915 డిసెంబరులో, వాన్‌గార్డ్ 1917 జులైలో లంగరేసి ఉండగానే పేలిపోయాయి. వాటిని శత్రువు కొట్టలేదు. జర్మన్ల మందు అంటుకుంటే భగ్గున మండేది, అంత తేలిగ్గా పేలేది కాదు. జట్లాండ్‌లో డెర్ఫ్లింగర్ వెనక టరెట్లు రెండూ కాలిపోయినా ఓడ తిరిగొచ్చింది. ఈ తేడా కవచంలోనూ లేదు, తలుపుల్లోనూ లేదు.

రాఘవ_డిజైన్:
హార్బర్లో పేలినవి వేరే సబ్జెక్టు మేడమ్. ఇన్విన్సిబుల్ టరెట్ 7 అంగుళాలు. దానికి సమాధానం రాలేదు.

చిన్నా_వైజాగ్:
అన్నా, గన్నర్ గారు 'ఆపదు' అని చెప్పేశారు కదా.

పాత_గన్నర్:
ఇక సూటిగా చెప్తున్నాను. తలుపు మూసి ఉంచాలనేది ప్రతి గన్నర్‌కీ మొదటి పాఠం. వాళ్లు మూయలేదు. క్రమశిక్షణ తప్పారు, ప్రాణాలు పోయాయి. ఓడ కట్టినవాణ్ణి తిట్టి లాభం లేదు.

లక్ష్మి_ఆర్:
ఇప్పటిదాకా చదువుతూ ఊరుకున్నాను. 'క్రమశిక్షణ తప్పారు' అన్న మాట దగ్గర ఊరుకోలేకపోతున్నాను. మా అన్నయ్య ఒక కెమికల్ ఫ్యాక్టరీలో షిఫ్టు ఆపరేటర్. బ్యాచ్ తొందరగా దింపాలని పైనుంచి ఒకటే ఒత్తిడి, సేఫ్టీ స్విచ్ పక్కన పెట్టి నడపడం అక్కడ రోజూ జరిగేదే. మంటలొచ్చి రెండు చేతులూ కాలాయి. రిపోర్టులో 'ఆపరేటర్ నిర్లక్ష్యం' అని రాశారు. తొందరపెట్టినవాళ్ల పేరు ఎక్కడా లేదు.

బ్రిటన్ బ్యాటిల్‌క్రూజర్ల దళాధిపతి అడ్మిరల్ బీటీ ఓడలు స్కాట్లాండ్‌లోని రోసిత్ రేవులో ఉండేవి. అక్కడ గురి సాధనకి వీలు తక్కువ. గురి కుదరనప్పుడు వేగంతో సరిపెట్టాలనుకున్నారు. నిమిషానికి ఎన్ని గుండ్లు అని లెక్క అడిగేవాళ్లు పైన ఉంటే, కింద సంచులు మోసేవాడు తలుపు మూస్తూ తెరుస్తూ కూర్చోగలడా? చచ్చిపోయినవాడి మీద తప్పు రాయడం చాలా తేలిక సార్.

పాత_గన్నర్:
అమ్మా, మీ అన్నయ్యకి జరిగింది అన్యాయమే. కానీ నన్ను ఆ రిపోర్టు రాసినవాళ్లతో కలపొద్దు. నామీదా ఒత్తిడి ఉండేది, నా కింద ఇరవై ఏళ్ల కుర్రాళ్లు ఉండేవారు. తలుపు మూయించాను, తిట్లు తిన్నాను. పైవాళ్లు తొందరపెట్టారని కుర్రాళ్లని మంట పక్కన నిలబెట్టే హక్కు ఎవరికీ లేదు. నేను తప్పుపడుతున్నది సంచులు మోసినవాణ్ణి కాదు, అతని మీదున్న గన్నర్‌ని.

రాఘవ_డిజైన్:
మీరిద్దరూ మనిషి దగ్గరే ఆగిపోయారు. యుద్ధంలో మనిషి తొందరపడతాడు, తలుపు మర్చిపోతాడు. అది ముందే తెలిసిన విషయం. తలుపు తెరిచి ఉన్నా మంట కిందికి దిగకుండా ఓడ కట్టడం మావాళ్ల పని, అంటే డిజైనర్ల పని. నా గీతల్లో సేఫ్టీ కోసం పెట్టినవి ఖర్చు అని కొట్టేయించినప్పుడల్లా నాకు ఈ ఓడలే గుర్తొస్తాయి. నేను అంగుళాల గురించి ఇంత పట్టుబట్టేది అందుకే. జట్లాండ్ తర్వాత మందుగుండు గదుల పైన అదనపు పలకలు వేశారు, మంట దిగకుండా అడ్డుతలుపులు పెట్టారు, హుడ్ ఓడ డిజైన్‌లో కవచం పెంచారు. మనుషుల్ని తిట్టడంతో పని జరిగిపోతే ఇవన్నీ ఎందుకు?

అనూరాధ_కెమిస్ట్రీ:
కార్డైట్ తయారీని కూడా మార్చారు. అదీ చేర్చండి.

పాత_గన్నర్:
లయన్‌లో అలెగ్జాండర్ గ్రాంట్ అని చీఫ్ గన్నర్ ఉండేవాడు. వారంట్ ఆఫీసర్, పెద్ద హోదా కాదు. 1915లో ఆ ఓడకి వచ్చి, మందుగుండు గదికి ఒక్క తలుపే తెరవాలి, కావలసినన్ని సంచులే బయటికి రావాలి అని పద్ధతి పెట్టాడు. అలా చేసినా ఫిరంగులకి మందు ఆలస్యం కాదని చేసి చూపించాడు. డిజైన్ అదే, కార్డైట్ అదే, బీటీ ఉన్నది కూడా ఆ ఓడలోనే. రాఘవ గారూ, లక్ష్మి గారూ, దీనికేమంటారు?

లక్ష్మి_ఆర్:
గ్రాంట్ గొప్పవాడు, ఒప్పుకుంటాను. కానీ బీటీ ఎక్కిన ఓడలోనే ఆ పద్ధతి నడుస్తుంటే, జట్లాండ్ నాటికి అది క్వీన్ మేరీకీ ఇండిఫాటిగబుల్‌కీ ఆజ్ఞగా ఎందుకు వెళ్లలేదు? అది పంపాల్సింది గన్నర్లా, అడ్మిరలా?