పాత రీళ్ళలో రాజమండ్రి: రంగులు అద్దొచ్చా? (గట్టుమీద, రీలుపెట్టె, లాకులదగ్గర అనే పేర్లతో ముగ్గురి చర్చ)

గట్టుమీద: రాజమండ్రి రేవులు, బజార్ల పాత మూగ రీళ్ళకు రంగులద్ది, జట్కా చప్పుడు కలిపి యూట్యూబులో పెడుతున్నారు. అలా పెడితేనే కదండీ కుర్రాళ్ళు చూస్తున్నారు. తప్పేముంది?

రీలుపెట్టె: రంగు దాకా ఎందుకండీ, ముందు వేగం చూడండి. సూపర్ 8 (ఇళ్ళలో వాడిన చిన్న ఫిల్ము) మూగ కెమెరా మామూలుగా సెకనుకు 18 ఫ్రేములు, అంటే 18 బొమ్మలు తీస్తుంది. 50 అడుగుల రీలు, అంటే 3,600 ఫ్రేములు, 3 నిమిషాల 20 సెకన్లు నడవాలి. 24లో నడిపితే రెండున్నర నిమిషాలకే అయిపోతుంది, రేవులో జనం ఉరుకుతుంటారు. కీ ఇచ్చే పాత కెమెరాల్లో స్ప్రింగు సడలితే ఫ్రేములు తగ్గి, ఆ షాటు ఇంకా గబగబా కదులుతుంది. అందుకే ఏ షాటుకు ఆ షాటు, మనిషి నడక చూసి సరిచేయాలి. ఇక కదలిక నున్నగా ఉండాలని సాఫ్ట్‌వేరుతో సెకనుకు 60 ఫ్రేములకు పెంచితే మధ్య ఫ్రేములన్నీ కల్పితమే: రిక్షా చక్రం పుల్లలు అలుక్కుపోతాయి, తెడ్డు నీళ్ళలో కరిగిపోతుంది.

రంగు ఒట్టి ఊహ. బాగా పాత ఆర్థోక్రోమాటిక్ ఫిల్ముకు ఎరుపు ఆనదు, కుంకుమబొట్టు నల్లగా పడుతుంది. సాఫ్ట్‌వేరుకు ఆ సంగతేం తెలుసు?

లాకులదగ్గర: అన్నిటినీ ఒకే గాటన కట్టకండి. ఈస్ట్‌మన్‌కలర్ అనే పాత కలర్ ఫిల్ము రీలు ఎర్రబారిందంటే అందులో సయాన్ (నీలి-ఆకుపచ్చ) రంగు చచ్చిపోయినట్టు. దాన్ని సరిచేయడం మరమ్మతే. నా గొడవల్లా తేదీలతో. కొడాక్ ఫిల్ము అంచు గుర్తులు 20 ఏళ్ళకోసారి తిరిగొచ్చేవి, పైగా అవి ఫిల్ము తయారైన ఏడాదివి. ఒకే గుర్తు 1956దీ కావచ్చు, 1976దీ కావచ్చు. వెనక రోడ్డు కం రైలు వంతెన కనిపిస్తే అది 1974 నాటిదో, ఆ తర్వాతదో. అయినా కింద ‘1950ల రాజమండ్రి’ అని రాసేస్తారు!

రీలుపెట్టె: అదొకటి. ఇంకో మాట, ఇంట్లో రీలుంటే ముందు డబ్బా వాసన చూడండి. మన ఉక్కకి, తేమకి అసిటేట్ (ఒకరకం ప్లాస్టిక్) ఫిల్ము కుళ్ళి వెనిగర్ వాసన కొడుతుంది, కుంచించుకుపోతుంది. ప్రొజెక్టర్‌కి ఎక్కిస్తే పళ్ళ దగ్గర చిల్లులు చిరుగుతాయి. పళ్ళు లేని స్కానర్ ఉన్నచోటే ఇవ్వండి. ఆ కుళ్ళిన రీలు మంచి రీళ్ళతో కలిసి ఉండకూడదు. బూజు పట్టిందని తడిగుడ్డ పెట్టారో, బొమ్మతో సహా ఊడొస్తుంది.

గట్టుమీద: వేగం సంగతి ఒప్పుకుంటానండీ. శబ్దం మాత్రం తీయను. మూగగా పెడితే పది సెకన్లు చూడరు.

లాకులదగ్గర: ఉంచుకోండి. కానీ ‘శబ్దం తర్వాత కలిపింది’ అన్న ముక్క బొమ్మ మీదే మొదటినుంచీ చివరిదాకా ఉండాలి. వీడియో కింద రాస్తే వాట్సాప్‌లో తిరిగేటప్పుడు అది పోతుంది. ఏమీ కలపని స్కాన్ లింకు కూడా పెట్టండి.