మోదీ గెలిచినా 2024 జూన్ 4న మార్కెట్ ఎందుకు కూలింది? అంతా సెంటిమెంటేనా?

బెజవాడ_కుర్రోడు

అందరికీ నమస్తే. పాత సంగతే గానీ నాకు ఇప్పటికీ అర్థం కాలేదు, ఎవర్నడిగినా "సెంటిమెంట్ బ్రో" అని వదిలేస్తున్నారు.

2024 జూన్ 1 సాయంత్రం ఎగ్జిట్ పోల్స్ వచ్చాయి కదా, సోమవారం 3న నిఫ్టీ (50 పెద్ద కంపెనీల షేర్ల సూచీ) 3 శాతం పైన పెరిగి 23,263 దగ్గర క్లోజ్ అయింది. 4న రిజల్ట్స్, దాదాపు 6 శాతం పడి 21,884. మళ్ళీ శుక్రవారం 7వ తారీఖుకి 23,290. ఈ నాలుగైదు రోజుల్లో దేశంలో ఏ ఫ్యాక్టరీ మూతపడలేదు, ఎవడూ సబ్బులు కొనడం మానలేదు, పైగా గెలిచింది ఎన్డీఏనే. మరి 4వ తారీఖున ఒక్కరోజులో 31 లక్షల కోట్లు ఆవిరి అని టీవీల్లో ఊదరగొట్టారే, ఆ డబ్బు ఎక్కడికి పోయినట్టు, శుక్రవారానికి ఎక్కడ్నుంచి వచ్చినట్టు?

ఇంకోటి, అదే వారంలో హెరిటేజ్ ఫుడ్స్ 424 దగ్గర్నుంచి 661కి పోయింది. చంద్రబాబు గెలిస్తే మన ఇంట్లో పాలు ఎక్కువ తాగుతామా ఏంటి?

చివరిది మా ఇంటి గొడవ. మా నాన్నగారు రిటైర్ అయ్యాక షేర్లు చూస్తున్నారు. పెరిగింది కనపడితే చాలు అమ్మేస్తారు. పడినవాటి జోలికి మాత్రం వెళ్ళనివ్వరు, "అమ్మితేనే కదరా లాసు" అంటారు. ఇది కూడా ఈ సెంటిమెంట్ కిందకే వస్తుందా లేక వేరే జబ్బా?

లెక్కల_మాస్టారు

బాబూ, ముందు ఆ 31 లక్షల కోట్ల సంగతి. అది ఎవరి బ్యాంకులోంచీ పోలేదు. ఆరోజు చివర్న ఎవరో కొద్దిమంది కొన్ని షేర్లు ఒక రేటుకి అమ్ముకున్నారు, ఆ రేటుని దేశంలో ఉన్న మొత్తం షేర్లకి గుణిస్తే వచ్చేదే మార్కెట్ క్యాప్. అమ్మనివాడికి కూడా ఆ లెక్కే కట్టేస్తారు. కాబట్టి పోవడానికీ రావడానికీ అక్కడ నోట్లకట్టలు ఏమీ లేవు, "ఈ షేర్ ఇంత చేస్తుంది" అన్న నమ్మకం తగ్గింది, మూడు రోజులకి మళ్ళీ పెరిగింది, అంతే.

ఇక మోదీ గెలిస్తే ఎందుకు పడింది అంటే, మార్కెట్ చూసేది గెలిచారా ఓడారా అని కాదు, అనుకున్నదానికంటే ఎక్కువా తక్కువా అని. ఎగ్జిట్ పోల్స్ చాలావరకు ఎన్డీఏకి 350 పైన ఇచ్చాయి, కొన్ని 400 దాకా వెళ్ళాయి. సోమవారం కొన్నవాళ్ళు ఆ 350 వచ్చేసినట్టే రేటు కట్టి కొన్నారు. తీరా చూస్తే 293, బీజేపీకి సొంతంగా 240. ప్రభుత్వ ఖర్చు మీద ఆధారపడ్డ రైల్వే, డిఫెన్స్, పవర్ ఫైనాన్స్ షేర్లు ఘోరంగా పడ్డాయి. అదేరోజు సబ్బులు, సరుకులు అమ్మే హిందుస్థాన్ యూనిలీవర్ పెరిగింది, ఇది గమనించావా? సంకీర్ణం అంటే పల్లెల్లో పథకాలకి డబ్బు పంచుతారు, జనం సరుకులు కొంటారు అని ఒక కథ. ఆ కథ నిజమయ్యిందా లేదా అన్నది ఆరోజు ఎవడికీ అక్కర్లేదు, పక్కవాడు నమ్ముతాడు అనిపిస్తే చాలు. తర్వాత టీడీపీ, జేడీయూ ఇద్దరూ మద్దతు ఇస్తామనగానే పాత కథ వెనక్కి వచ్చేసింది.

1936లో కీన్స్ అనే ఆర్థికవేత్త దీని గురించే రాశాడు. అప్పట్లో పేపర్లో వంద ఫోటోలు వేసి అందంగా ఉన్న ఆరు ముఖాలు ఎంచుకోమని పోటీ పెట్టేవారట, పాల్గొన్న అందరి ఎంపికకి ఎవరిది దగ్గరగా ఉంటే వాళ్ళకి బహుమతి. అప్పుడు తెలివైనవాడు తనకి నచ్చిన ముఖాలు ఎంచుకోడు, మిగతావాళ్ళకి ఏవి నచ్చుతాయో ఊహిస్తాడు, ఇంకా తెలివైనవాడు మిగతావాళ్ళు ఒకళ్ళ గురించి ఒకళ్ళు ఏం ఊహిస్తారో ఊహిస్తాడు. స్టాక్ మార్కెట్ ఇదే అన్నాడు ఆయన. హెరిటేజ్ కూడా అదే. పాల గురించి ఎవరు ఆలోచించారు, చంద్రబాబు పెట్టిన కంపెనీ అని మిగతావాళ్ళు ఎగబడతారు, మనం ముందు దూరదాం అనుకున్నారు, అందరూ అలాగే అనుకున్నారు కాబట్టి నిజంగానే పెరిగింది. ఆ తర్వాత చూడు, 2024-25లో కంపెనీ లాభం ముందేడు కంటే బాగానే పెరిగింది, షేర్ మాత్రం 2025 మొదట్లో 500 కిందకి దిగింది. లాభం ఒక దారి, రేటు ఇంకో దారి.

ఓరుగల్లు_పిలగాడు

మాస్టారు చెప్పింది కరెక్టే సార్ గానీ గీ ముచ్చట పెద్ద కంపెనీల కాడ ఆగదు. 2024 ఆగస్టుల ఢిల్లీల ఒక యమహా బండ్ల డీలర్ ఐపీఓకి, అంటె తొలిసారి జనానికి షేర్లు అమ్మనీకి వచ్చిండు, రిసోర్స్‌ఫుల్ ఆటోమొబైల్ అని, రెండు షోరూములు, ఎనిమిది మంది పనోళ్ళు. వాళ్ళు అడిగింది 12 కోట్లు, జనం బిడ్లు ఏసింది 4,800 కోట్లకు దగ్గర. గంతమంది షోరూముకు పోయి చూసొచ్చిన్రా? ఒక్కడు పోలె. లిస్టింగ్ నాడు, అంటె మార్కెట్ల తొలిరోజు డబుల్ అయితది, అమ్ముకొని బయటపడుదం అని అందరు ఒకటే అనుకున్నరు. ఆఖరికి 117 కాడ ఇచ్చిన్రు, 117 కాడనే ఓపెన్ అయ్యింది.

మా దోస్తులైతె ఆప్షన్ల మీద పడ్డరు, అంటె రేటు ముందుముందు ఎటు పోతదో అని పందెం కాసుడు. ఒక్కడు గెలిస్తె వాట్సాప్ స్టేటస్ నిండ స్క్రీన్‌షాట్లే, ఓడినోడు సప్పుడు చెయ్యడు. గందుకే అందరు గెలుస్తున్నరని కనిపిస్తది. మార్కెట్‌ను చూసుకునే సర్కారు సంస్థ సెబీ లెక్క తీసింది కదా, 2022 నుంచి 2024 దాక మూడు ఆర్థిక సంవత్సరాలల్ల ఎఫ్ అండ్ ఓ (ఫ్యూచర్స్, ఆప్షన్లు) చేసిన మామూలు జనంల నూటికి 93 మంది పోగొట్టుకున్నరు, అందరిది కలిపి 1.8 లక్షల కోట్ల పైననే. ఖర్చులన్ని తీసినంక లక్ష రూపాయల కంటె ఎక్కువ మిగిలింది నూటికి ఒక్కరికే. ఇంక పరేషాన్ ఏందంటె, పోగొట్టుకున్నోళ్ళల్ల నాలుగింట మూడొంతుల మంది మానకుండ మళ్ల అదే చేస్తున్రు. నేనా ఒక్కడిల ఉంటా అని ప్రతోడు అనుకుంటడు.

డాలస్_పద్మ

తమ్ముడూ, మీ నాన్నగారి గురించి ఎవరూ చెప్పలేదు కాబట్టి నేను అందుకుంటున్నా, ఎందుకంటే ఆయనది చాలా పేరున్న జబ్బు. 1985లో షెఫ్రిన్, స్టాట్‌మన్ అని ఇద్దరు దీనికి డిస్పొజిషన్ ఎఫెక్ట్ అని పేరు పెట్టారు. తర్వాత టెరెన్స్ ఓడీన్ అనే ఆయన ఇక్కడ అమెరికాలో ఒక బ్రోకరేజ్‌లో 10,000 అకౌంట్లు తీసి చూశాడు, 1998లో పేపర్ వచ్చింది. జనం లాభంలో ఉన్నవి గబగబా అమ్ముతున్నారు, నష్టంలో ఉన్నవి పట్టుకు కూర్చుంటున్నారు. సరే పడినవి మళ్ళీ లేస్తాయని ఉంచారు అనుకుందాం, కానీ తర్వాతి ఏడాది చూస్తే అమ్మేసినవే ఉంచుకున్నవాటి కంటే సగటున 3.4 శాతం ఎక్కువ ఇచ్చాయి. మంచివి తీసేసి కుళ్ళినవి దాచుకున్నట్టు అయింది.

దీని వెనకాల 1979లో కానెమన్, ట్వెర్‌స్కీ అనే ఇద్దరు మనస్తత్వ శాస్త్రవేత్తలు చెప్పిన మాట ఉంది, వంద వస్తే కలిగే ఆనందం కంటే వంద పోతే కలిగే బాధ చాలా ఎక్కువ, తర్వాత వాళ్ళే కట్టిన లెక్కలో ఇంచుమించు రెట్టింపు. అందుకే నష్టం ఖాయం చేసుకోవడం ఇష్టం ఉండదు, ఖాయం చేసుకోకుండా ఉండటానికి ఇంకా రిస్క్ అయినా తీసుకుంటారు. "అమ్మితేనే లాసు" అనేది ఆ బాధని వాయిదా వేసే మాట. ఆయన ఏ రేటుకి కొన్నారో ఆ షేర్‌కి తెలియదు కదా, కానీ ఆయన లెక్కంతా ఆ కొన్న రేటు చుట్టూనే తిరుగుతుంది. ఒక్క ప్రశ్న అడుగు, "నాన్నా ఇవాళ చేతిలో ఈ డబ్బు క్యాష్‌గా ఉంటే ఇదే షేర్ ఇదే రేటుకి కొంటారా" అని. కొనను అంటే ఇంక ఉంచుకోవడానికి కారణం ఏముంది.

మగాళ్ళకి కోపం రాకపోతే ఇంకోటి, అదే ఓడీన్, బార్బర్ కలిసి 1991 నుంచి 1996 వరకు 66 వేల పైచిలుకు కుటుంబాల అకౌంట్లు చూస్తే ఎక్కువగా కొని అమ్మే గుంపుకి ఏడాదికి 11.4 శాతం వచ్చింది, మార్కెట్‌కి 17.9. తర్వాత ఇంకో పేపర్‌లో మగవాళ్ళు ఆడవాళ్ళ కంటే బాగా ఎక్కువ ట్రేడ్ చేస్తారని, ఆమేరకు ఎక్కువ పోగొట్టుకుంటారని కూడా తేల్చారు. మా ఇంట్లో ఆ పేపర్ ప్రింట్ తీసి పెట్టాను, ఏం ఉపయోగం లేదు.

ఇక్కడ మన తెలుగువాళ్ళకి ఇంకో రకం ఉంది. జీతం ఇచ్చేది ఏ కంపెనీనో పొదుపంతా ఆ కంపెనీ షేర్లలోనే. మనకి బాగా తెలుసు కాబట్టి సేఫ్ అనుకుంటారు. ఎన్‌రాన్ ఉద్యోగులు కూడా రిటైర్మెంట్ డబ్బులో 60 శాతం పైగా ఎన్‌రాన్ షేర్లలోనే ఉంచారు, 2001లో ఆ కంపెనీ దివాలా తీస్తే ఉద్యోగం, పెన్షన్ రెండూ ఒకేసారి పోయాయి.

నిదానస్తుడు

అందరూ ఒకే పాట పాడుతున్నారు కాబట్టి నేను కొంచెం అడ్డం వస్తా. అయ్యాక చూసి ఇది బయాస్ (మనసు చేసే పొరపాటు) అది బయాస్ అనడం తేలిక. పెరిగితే గుంపు మనస్తత్వం, పడితే భయం, ఏమీ కాకపోతే బద్ధకం, దేనికైనా ఒక పేరు దొరుకుతుంది. ముందుగా చెప్పగలిగితేనే అది వివరణ.

సత్యం కంప్యూటర్స్ గుర్తుందా? 2009 జనవరి 7న లెక్కల్లో మోసం చేశానని దాని అధిపతి రామలింగరాజు గారు రాసిన ఉత్తరం బయటకొచ్చింది, 179 దగ్గర ఉన్న షేర్ ఆరోజే 40కి పడింది. అది సెంటిమెంట్ కాదు, సమాచారం. అంతకు ముందు రోజు దాకా ఉన్న రేటు తప్పు, పడిన రేటు నిజానికి దగ్గర. అప్పుడు చాలామంది "179 షేర్ 40కే వస్తోంది" అని ఎగబడి కొన్నారు చూడు, పద్మ గారు చెప్పిన పాత రేటు పిచ్చి అక్కడ ఉంది, తర్వాతి ట్రేడింగ్ రోజు ఇంకో 40 శాతం పోయింది. కాబట్టి జూన్ 4 లాంటి పతనాన్ని, సత్యం లాంటి పతనాన్ని ఒకే గాటన కట్టకండి. ఒకటి మూడు రోజుల్లో వెనక్కి వచ్చింది, ఇంకోటి రాలేదు. ఇప్పుడు చెప్పండి, జూన్ 4 మధ్యాహ్నం రెండింటికి ఇది ఏ రకమో ఎవరికి తెలుసు?

రేటు తప్పు అని తెలిసినా దాన్ని సరిచేయడం కుదరాలి కూడా. ఎల్సిడ్ ఇన్వెస్ట్‌మెంట్స్ అని ఏషియన్ పెయింట్స్‌లో దాదాపు 3 శాతం వాటా ఉన్న చిన్న హోల్డింగ్ కంపెనీ. ఒక్కో షేర్ వెనకాల లక్షల రూపాయల ఆస్తి ఉన్నా బోర్డు మీద రేటు 3 రూపాయల 53 పైసలు. పిచ్చి జనం అందామా? కాదు, ఆ రేటుకి అమ్మేవాడే లేడు, సర్క్యూట్ లిమిట్స్ (రోజుకి రేటు ఇంతకంటే మారకూడదన్న హద్దు) వల్ల రేటు పైకి పోనూ లేదు. 2024 అక్టోబర్ 29న సెబీ చెప్పిన ప్రత్యేక వేలం పెడితే ఆ ఒక్కరోజే 2,36,250కి పోయింది. అక్కడ మారింది ఎవరి మనసూ కాదు, రూల్.

2013లో ఆర్థికశాస్త్రానికి నోబెల్ ఇచ్చినప్పుడు మార్కెట్ రేట్లలో సమాచారమంతా ఉంటుందన్న ఫామాకీ, రేట్లు డివిడెండ్ల కంటే మరీ ఎక్కువ ఊగుతాయని 1981లోనే చూపించిన షిల్లర్‌కీ కలిపి ఇచ్చారు, హాన్సెన్ కూడా ఉన్నాడు అనుకోండి. వాళ్ళకే తెగలేదు. నా మటుకు నేను జనానికి బయాస్‌లు ఉన్నాయని ఒప్పుకుంటా, వాటిని పసిగట్టి డబ్బు చేస్తానంటే మాత్రం ఒప్పుకోను. ఇండెక్స్ ఫండ్‌లో (నిఫ్టీ లాంటి సూచీలో ఉన్న షేర్లన్నీ కొనే ఫండ్) నెలనెలా కొంత వేసే సిప్ పెట్టి పడుకుంటా.

లెక్కల_మాస్టారు

నిదానస్తుడు గారూ, సత్యం తేడా బాగా చెప్పారు, అది ఒప్పుకుంటున్నా. కానీ "ముందుగా చెప్పగలిగితేనే" అన్నది పూర్తిగా కుదరదు. ఏ రోజు పడుతుందో చెప్పలేం గానీ రిటైల్ వాళ్ళు, అంటే మనలాంటి మామూలు జనం, ఎటు తప్పు చేస్తారో ముందే చెప్పగలుగుతున్నాం, ఆ సెబీ లెక్క 2022లో చూసినా, తర్వాత రెండేళ్ళూ చూసినా పదిమందిలో తొమ్మిదిమంది నష్టమే. అంత నిలకడగా వచ్చేదాన్ని కాకతాళీయం అనలేం కదా.

ఓరుగల్లు_పిలగాడు

నిదానస్తుడన్నా, పడుకుంటా అన్నవ్ గానీ జూన్ 4 నాడు ఎన్నిసార్లు యాప్ ఓపెన్ చేసినవో చెప్పు ముందుగాల 😄

నిదానస్తుడు

అది వేరే విషయం 🙏

బెజవాడ_కుర్రోడు

అందరికీ థ్యాంక్స్, పద్మక్క చెప్పిన ప్రశ్న రాత్రి భోజనాల దగ్గర అడిగా. నాన్నగారు కాసేపు ఆలోచించి "కొనను, కానీ అమ్మను" అన్నారు 😂 అమ్మ మాత్రం నవ్వుతూనే ఉంది. అయితే ఒక మాట అన్నారు, అమ్మితే లాసు ఖాయం తప్ప నాకేం ఒరుగుతుంది అని. దీనికి ఏం చెప్పాలి?

డాలస్_పద్మ

ట్యాక్స్ సంగతి చెప్పు, మా నాన్నగారి దగ్గర పనిచేసింది అదొక్కటే. ఆయన పెరిగినవి అమ్ముతున్నారు కదా, ఏడాది లోపు అమ్మితే లాభం మీద 20 శాతం, ఏడాది దాటాక అమ్మితే ఆ ఏడు మొత్తం లాభంలో 1.25 లక్షలు పోను మిగతాదాని మీద 12.5 శాతం, 2024 జులై 23 నుంచి ఈ రేట్లే. పడినవి కూడా అదే మార్చి లోపు అమ్మితే ఆ నష్టాన్ని ఈ లాభంలోంచి తీసేసుకోవచ్చు. షార్ట్ టర్మ్ నష్టం అయితే రెండు రకాల లాభాల్లోంచీ తీసెయ్యొచ్చు, లాంగ్ టర్మ్ నష్టం లాంగ్ టర్మ్ లాభంలోంచే. ఇంకా మిగిలితే ఎనిమిదేళ్ళు ముందుకి తీసుకెళ్ళొచ్చు గానీ రిటర్న్ గడువు లోపల వెయ్యాలి, లేటయితే ఆ అవకాశం పోతుంది. అంటే ఆయన ఇప్పుడు లాభాల మీద ట్యాక్స్ కడుతూ, ఆ ట్యాక్స్ తగ్గించే కాగితాన్ని బీరువాలో పెట్టుకున్నారు. అలా చెప్పి చూడు, నష్టం అన్న మాట వాడకుండా.

బెజవాడ_కుర్రోడు

అక్కా, ట్యాక్స్ అనగానే కళ్ళజోడు పెట్టుకుని స్టేట్‌మెంట్ తెమ్మన్నారు. రెండు అమ్ముతారట. మూడోది మాత్రం ముట్టుకోవద్దన్నారు, అది పెద్దనాన్న చెప్పి కొనిపించిందట.