‘అమాక్సిసిలిన్’ ఎలా రాయాలి, ఎక్కడ కత్తిరించకూడదు

బొబ్బిలి అనువాదకుడు:
మందుతోపాటు రోగి చేతికిచ్చే చీటీ ఒకటి తెలుగులో తయారవుతోంది. అందులో మొదటి మాట, ఒక యాంటీబయోటిక్ పేరు, దగ్గరే ఆగిపోయింది పని. ఎమోక్సిసిల్లిన్, అమోక్సీసిలిన్, అమాక్సిసిలిన్ – మూడూ అచ్చులో కనిపిస్తున్నాయి. ఏది ఉంచాలి? ఇంకో సంగతి. మన శ్రీకాకుళం, విజయనగరం పల్లెల్లో ఈ మందును అసలు పేరు పెట్టి అడిగేవాళ్లు తక్కువ. ‘చీము గొట్టాలు’ (గొట్టమంటే క్యాప్సూల్) అంటారు, ‘మాక్సీ’ అంటారు, ‘సిక్స్ ట్వంటీ ఫైవ్’ అంటారు. జనం నోట్లో ఉన్న మాటే పెడితే చదువుతారు కదా, ఆ పొడుగు పేరు తీసేస్తే తప్పేమైనా ఉందా?

పొందూరు తెలుగు మాస్టారు:
ముందు రాత సంగతి చూద్దాం. ఇంగ్లిషు స్పెల్లింగులో ‘ఎల్’ రెండుసార్లు ఉందని మనం ‘ల్లి’ రాయక్కర్లేదు. తెలుగులో వత్తు రాస్తే దాన్ని పలకాలి. కల వేరు, కల్ల వేరు. ఇక్కడ పలికేది ఒక్క లకారమే, కాబట్టి ‘సిలిన్’ చాలు. రెండో అక్షరం దగ్గర ఇంగ్లిషులో ఉన్నది ఆకారానికీ ఓకారానికీ నడుమ పలికే అచ్చు. డాక్టరు, ఆఫీసు, కాఫీ మాటల్లో దాన్ని మనం ఎప్పుడో ఆకారం చేసేసుకున్నాం. ఆ వరసలోనే ‘అమాక్సిసిలిన్’. ‘క్సి’కి దీర్ఘం కూడా అనవసరం.

ఈ మందు జాతి పేరు కూడా చూద్దాం. ‘పెనిసిలిన్’ పుస్తకంలో మాట, ‘పెన్సిలిన్’ నోట్లో మాట. నడుమ ఉన్న హ్రస్వం జారిపోవడం తెలుగు నోటికి సహజం. పదునాలుగు పద్నాలుగు అయింది కూడా అలాగే. చీటీలో పెన్సిలిన్ అనే రాయండి, ఎవరూ తడబడరు.

చీపురుపల్లి ఫార్మసిస్టు:
మాస్టారు చెప్పిన రాతకు నా ఓటు. కానీ అసలు గండం రాతలో లేదండీ, కత్తిరింపులో ఉంది.

మందుల అసలు పేర్లు ఎవరి ఇష్టం వచ్చినట్టు వాళ్లు పెట్టినవి కావు. 1953 నుంచి ప్రపంచ ఆరోగ్య సంస్థ జాబితా ఉంది. ఒక జాతి మందులన్నిటికీ పేరులో ఒకే ముక్క ఉండేలా చూస్తారు. పెన్సిలిన్ జాతికి ఆ ముక్క ‘సిలిన్’, అదీ చివర: ఆంపిసిలిన్, క్లాక్సాసిలిన్, పిపరాసిలిన్, అమాక్సిసిలిన్. సెఫలోస్పోరిన్లనే ఇంకో యాంటీబయోటిక్ జాతికి ‘సెఫ్’, అది ముందు వస్తుంది: సెఫిక్సిమ్, సెఫ్‌ట్రయాక్సోన్. సిప్రో (సిప్రోఫ్లాక్సాసిన్) జాతికి చివర ‘ఫ్లాక్సాసిన్’.

మన నోరు పొడుగు పేరును ఎక్కువగా వెనకనుంచే నరుకుతుంది. అమాక్సిసిలిన్‌ని ‘అమాక్సీ’, ‘మాక్సీ’ అనేసరికి పోయింది ‘సిలినే’. పెన్సిలిన్ పడనివాడు చూసుకోవలసిన ముక్క సరిగ్గా అదే. పైగా మాక్సిఫ్లాక్సాసిన్ అని వేరే మందు ఉంది, అది సిప్రో జాతి. కంటి చుక్కలుగా బాగా వాడుకలో ఉంది, మాత్రగానూ వస్తుంది. రెండు పేర్లూ తెలుగులో పక్కపక్కన రాసి చూడండి: అమాక్సిసిలిన్, మాక్సిఫ్లాక్సాసిన్. ‘మాక్సీ’ అని కుదించి ఫోన్లో చెబితే అవతలివాళ్లు రెండింట్లో ఏదైనా అనుకోవచ్చు. చీటీలో ‘మాక్సీ’ అస్సలు వద్దు.

రాజాం నర్సు:
‘చీము గొట్టాలు’ కూడా వద్దండీ. గొట్టం రంగు కంపెనీని బట్టి మారుతుంది, కాబట్టి ‘ఎరుపు గొట్టాలు’, ‘పసుపు గొట్టాలు’ అనే గుర్తు పనికిరాదు. ‘చీము’ అన్నది అంతకంటే తప్పు దారి పట్టిస్తుంది. సెగ్గడ్డలు, కురుపులు చాలావరకు స్టెఫిలోకాకస్ అనే క్రిమి వల్ల వస్తాయి. అందులో ఎక్కువ రకాలు పెన్సిలినేజ్ అనే ఎంజైమును పుట్టించి ఉత్త అమాక్సిసిలిన్‌ని విరగ్గొట్టేస్తాయి. అంటే పేరులో ఏ పని ఉందో ఆ పనికే ఈ మందు సరిగా అక్కరకు రాదు. అందుకే అలాంటిచోట డాక్టర్లు క్లాక్సాసిలిన్ లాంటివి రాస్తారు. గడ్డ పెద్దదైతే కోసి చీము తీయడమే అసలు వైద్యం. గొట్టం వేసి ఊరుకుంటే లోపల చీము అలాగే ఉంటుంది.

‘గొట్టం’ అన్న మాట మాత్రం ఉంచండి. ‘క్యాప్సూల్’ కంటే ‘గొట్టం మాత్ర’ బాగా తెలుస్తుంది.

బొబ్బిలి అనువాదకుడు:
మరి ‘సిక్స్ ట్వంటీ ఫైవ్’? అది అంకె కదా, అందులో పొరపాటుకు చోటెక్కడ?

చీపురుపల్లి ఫార్మసిస్టు:
ఎక్కువ పొరపాట్లు అక్కడే. 625 అన్నది మందు బలం అనుకుంటారు, ‘పవరెక్కువ’ అంటారు. అది కూడిక. అమాక్సిసిలిన్ 500 మి.గ్రా., క్లావులానిక్ ఆమ్లం 125 మి.గ్రా. కలిపితే 625. సిస్టర్ చెప్పిన ఎంజైమును అడ్డుకోవడం ఆ రెండోదాని పని, సొంతంగా క్రిములను చంపే శక్తి దానికి చాలా తక్కువ. అంటే 500 గొట్టంలోనూ 625 బిళ్లలోనూ అమాక్సిసిలిన్ ఒకటే.

మిగతా అంకెలు కూడా విప్పి చూడండి. 375 అంటే 250, 125. పెద్దవాళ్ల ‘ఒక గ్రాము’ బిళ్ల 875, 125. పిల్లల సీసా మీద 228.5 అంటే 5 మి.లీ.లో 200, 28.5, 457 అంటే 400, 57. క్లావులానిక్ ఆమ్లం పాలు అన్నిట్లో ఒకేలా లేదని గమనించండి. అందుకే 625 దొరకలేదని 375 బిళ్లలు రెండు మింగితే అమాక్సిసిలిన్ 500 సరిపోతుంది గాని క్లావులానిక్ ఆమ్లం 250 అయి కూర్చుంటుంది. విరేచనాలు పట్టుకునేది ఎక్కువగా దానివల్లే. ఒక గ్రాము బిళ్లకు బదులు 625లు రెండు వేసుకున్నా అదే ఇబ్బంది. చీటీలో ఉత్త 625 రాయకుండా ‘అమాక్సిసిలిన్ 500 + క్లావులానిక్ ఆమ్లం 125’ అని రాయాలి. పొడుగైనా సరే.

బ్రాండు వెనకాల అక్షరాలు కూడా ఇంతే. ‘సీవీ’ అంటే క్లావులానిక్ ఆమ్లం కలిసిందని. ‘ఎల్బీ’ అంటే లాక్టోబాసిలస్ అనే మేలు చేసే క్రిమిని కలిపారని. ‘డీటీ’ అంటే నీళ్లలో కరిగించి పట్టే బిళ్ల.

రణస్థలం మందుల ఫ్యాక్టరీ కెమిస్టు:
మందుల ఫ్యాక్టరీలున్న పైడిభీమవరం వైపు ఈ పేర్లు రోజూ నలుగుతుంటాయి కాబట్టి పేరు లోపలి సంగతి చెబుతాను. ‘అమ్’ అంటే అమినో, ‘ఆక్స్’ అంటే హైడ్రాక్సీ, మిగిలింది జాతి పేరు. ఆంపిసిలిన్ అణువుకు ఒక్క హైడ్రాక్సీ గుంపు చేరిస్తే అమాక్సిసిలిన్. ఆ చిన్న తేడాతో కడుపులోంచి రక్తంలోకి ఎక్కే పాలు బాగా పెరిగింది. ఆంపిసిలిన్ ఇంచుమించు సగమే ఎక్కుతుంది, అన్నం తోడైతే ఇంకా తగ్గుతుంది. కాబట్టి దానికి ‘పరగడుపున’ అన్న మాట తప్పనిసరి, అమాక్సిసిలిన్‌కి అక్కర్లేదు. ఆంపిసిలిన్ 1961లో, అమాక్సిసిలిన్ 1972లో బ్రిటన్‌లో వాడుకలోకి వచ్చాయి. మన డబ్బాల మీద కనిపించే ‘వై’ స్పెల్లింగు (Amoxycillin) పాత బ్రిటిష్ పేరు, అంతర్జాతీయ జాబితాలో ‘ఐ’. తెలుగులో రెండూ ‘క్సి’యే కాబట్టి మనకు ఆ గొడవ లేదు.

డబ్బా మీద ఇంకో వాక్యం ఉంటుంది, అనువాదంలో తరచు చెడిపోయేది అదే. ‘అమాక్సిసిలిన్ ట్రైహైడ్రేట్, అమాక్సిసిలిన్ 500 మి.గ్రా.కు సమానం’ అని ఉంటే దాన్ని ‘అమాక్సిసిలిన్ ట్రైహైడ్రేట్ 500 మి.గ్రా.’ అని కుదించేస్తారు. ట్రైహైడ్రేట్ అంటే ఒక్కో అణువుకు మూడు నీటి అణువులు అంటుకున్న రూపం. 500 మి.గ్రా. అసలు మందు కావాలంటే ఆ పొడి 574 మి.గ్రా. దాకా తూచాలి. ‘సమానం’ అన్న మాట అక్కడ అలంకారానికి లేదు.

పొందూరు తెలుగు మాస్టారు:
కెమిస్టుగారు జాతి పేరు దగ్గర ఆపారు గనక మిగతాది. 1928లో లండన్‌లో ఫ్లెమింగ్ గమనించిన బూజు పేరు పెనిసిలియం. లాటిన్‌లో ‘పెనిసిల్లస్’ అంటే చిత్రకారుడి కుంచె. సూక్ష్మదర్శినిలో ఆ బూజు కాడలు చివర చీలి కుంచె వెంట్రుకల్లా కనిపిస్తాయి. మొదట ఆయన దాన్ని ‘బూజు రసం’ అన్నాడు, 1929లో ‘పెనిసిలిన్’ చేశాడు. మనవాళ్లు ‘పెన్సిల్ మందు’ అంటే నవ్వక్కర్లేదు, పెన్సిల్ కూడా ఆ కుంచె మాటలోంచే వచ్చింది. క్లావులానిక్ ఆమ్లాన్ని ఇచ్చే క్రిమి పేరు స్ట్రెప్టోమైసిస్ క్లావులిజెరస్, అంటే చిన్న గదలు మోసేది.

‘పెనిసిలమైన్’ అని ఒక మందు ఉంది, అది యాంటీబయోటిక్ కాదు. ఒంట్లో పేరుకున్న రాగిని బయటికి పంపడానికి, విల్సన్ జబ్బుకు ఇస్తారు. తల ఒకటే, తోక వేరు. తోకే చూడాలన్నదానికి ఇంతకంటే మంచి సాక్ష్యం లేదు.

రాజాం నర్సు:
పడనివాళ్ల మాట వచ్చింది కాబట్టి ‘పడదు’ గురించి కచ్చితంగా మాట్లాడుకోవాలి. తెలుగులో అది చాలా విశాలమైన మాట. వంకాయ పడదంటే దురద. చల్లనీళ్లు పడవంటే జలుబు. అత్తాకోడళ్లకు పడదంటే తగువు. ‘నాకు పెన్సిలిన్ పడదు’ అన్నప్పుడు అది డోకు కావచ్చు, నీళ్ల విరేచనాలు కావచ్చు, సూదంటే భయంతో కళ్లు తిరగడం కావచ్చు, నిజమైన ఎలర్జీ కావచ్చు. మొదటి మూడూ ఎలర్జీ కావు. కాని కేసు షీటు మీద ‘పెన్సిలిన్ పడదు’ అని ఒక్క ముక్క రాసేస్తే, ఆ మనిషికి జన్మంతా ఈ జాతి మందులు మూతబడతాయి. అదే మాటను తేలిగ్గా తీసుకుంటే ప్రాణం మీదికి వస్తుంది.

అందుకని ‘పడదా?’ అని అడగకూడదు. ఏ మందు వేసుకున్నారు, ఎంతసేపటికి వచ్చింది, ఒంటిమీద ఏమొచ్చింది, పెదాలూ ముఖమూ వాచాయా, ఊపిరి ఆడిందా, స్పృహ తప్పిందా – ఇలా విడివిడిగా అడగాలి. గంటలోపు దద్దుర్లు, వాపు, ఆయాసం వచ్చుంటే ‘సిలిన్’ ఉన్నవేవీ ఇవ్వకూడదు, ‘సెఫ్’ మందులు రాసే ముందు కూడా డాక్టరుకు చెప్పాలి. షీటు మీద ‘పడదు’ అని కాకుండా ‘అమాక్సిసిలిన్ వేసిన అరగంటకు ముఖం వాచింది’ అన్నట్టు జరిగింది జరిగినట్టు రాయాలి.

పిల్లల గుండ సీసా సంగతి కూడా చెప్పేస్తాను. మన వైపు పొడి అంటే గుండే కదా, ‘గుండ మందు’ అనే రాయండి. నీళ్లు తగిలితే ఈ మందు నెమ్మదిగా విరిగిపోతుంది, అందుకే గుండగా అమ్ముతారు. ‘గీత వరకు నీళ్లు పోయాలి’ అన్న వాక్యంతోనే చిక్కు. ఒకేసారి గీత దాకా పోస్తే గుండ అడుగున ముద్దకడుతుంది, కుదిపాక మట్టం గీత కిందికి దిగుతుంది. అక్కడితో వదిలేస్తే మందు చిక్కనై డోసు పెరుగుతుంది. కాబట్టి ముందు సీసాను తట్టి గుండ విడిపోయేలా చెయ్యాలి. కాచి పూర్తిగా చల్లార్చిన నీళ్లు గీతకు కొంచెం కింద దాకా పోసి బాగా కుదపాలి. నురగ దిగాక మళ్లీ గీత దాకా పోసి ఇంకోసారి కుదపాలి. రాయాల్సింది ఇది: ‘కలిపాక మందు గీత దగ్గర నిలవాలి’. వేడినీళ్లు పోస్తే మందు చెడుతుంది. చెంచా అని రాయొద్దు, ఇంటింటికీ చెంచా కొలత వేరు. ‘మూతకొలత 5 మి.లీ.’ అని రాయండి.

చీపురుపల్లి ఫార్మసిస్టు:
‘లక్షలు’ కూడా ఒక మాట. కీళ్లవాతపు జ్వరంతో గుండె కవాటాలు దెబ్బతిన్న పిల్లలకు 21 రోజులకొకసారి వేసే బెంజథిన్ పెన్సిలిన్‌ని ‘పన్నెండు లక్షల సూది’ అంటారు. అవి మిల్లీగ్రాములు కావు, యూనిట్లు. పెన్సిలిన్ వి మాత్రలో 4 లక్షల యూనిట్లంటే 250 మి.గ్రా. చీటీలో ‘లక్షలు’ రాస్తే పక్కన ‘యూనిట్లు’ తప్పక ఉండాలి. ఇది మీ చీటీలో లేకపోయినా తరవాతి చీటీకి పనికొస్తుంది.

బొబ్బిలి అనువాదకుడు:
అందరికీ నమస్కారం. ఇలా మార్చాను, చూడండి:

‘మందు: అమాక్సిసిలిన్. ఇది పెన్సిలిన్ జాతి మందు. గొట్టం ఒక్కటికి 500 మి.గ్రా. మూడు పూటలా, అన్నం తిన్నాక. డాక్టరు రాసిన రోజులన్నీ వాడాలి. పడనివాళ్లు ముందే చెప్పాలి.’

చీపురుపల్లి ఫార్మసిస్టు:
‘మూడు పూటలా’ దగ్గర ఆగండి. మూడు పూటలంటే మనకు పొద్దున్న ఎనిమిది, మధ్యాహ్నం ఒంటిగంట, రాత్రి ఎనిమిది. రాత్రి పన్నెండు గంటల ఎడం పడిపోతుంది. మందు ఒంట్లో నిలిచేది కొద్ది గంటలే, ఎడం సమంగా ఉండాలి. ‘ఉదయం 6, మధ్యాహ్నం 2, రాత్రి 10’ అని గంటలే వేయండి. ‘అన్నం తిన్నాక’ తీసేయండి, ఉత్త అమాక్సిసిలిన్‌కి ఆ నియమం లేదు. క్లావులానిక్ ఆమ్లం కలిసిన చీటీకి మాత్రం ‘మొదటి ముద్దలతో’ అని రాయాలి, కడుపులో తిప్పడం తగ్గుతుంది, మందూ బాగా ఎక్కుతుంది.

రాజాం నర్సు:
‘పడనివాళ్లు’ తీసేసి ‘ఇంతకుముందు సిలిన్ అని పేరులో ఉన్న ఏ మందుకైనా దద్దుర్లు, ముఖం వాపు, ఆయాసం వచ్చినవాళ్లు వేసుకోకముందే చెప్పాలి’ అని పెట్టండి. గుండ సీసా చీటీకి చివర ఖాళీ గీతలు రెండు వదలండి: ‘కలిపిన తేదీ’, ‘పారబోయవలసిన తేదీ’. రెండోది మొదటిదానికి 7 రోజులు కలిపి మందిచ్చేవాళ్లే వేసి ఇవ్వాలి.